నీళ్లలో ఊపిరి బిగబట్టి ధ్యానం: తరచుగా అడిగే ప్రశ్నలు

కర్నూలులో మేం కొంతమందిమి ఆదివారం పొద్దున్నే స్విమ్మింగ్ పూల్ దగ్గర కలుస్తాం. అందరికీ ఈత వచ్చు. కొందరు ఏళ్ల తరబడి ప్రాణాయామం చేస్తున్నవాళ్లు. నీళ్లలో ముఖం పెట్టి, ఊపిరి ఆపి, కదలకుండా కాసేపు ఉండటం మా సాధన. దీని గురించి ఫోన్ చేసి అడిగేవాళ్లు, దారిలో ఆపి అడిగేవాళ్లు ఎక్కువయ్యారు. వాళ్ల ప్రశ్నలే ఇక్కడ పెట్టాను. సగం జవాబులు మాత్రం భయంతో రాసినవే: ఎవరైనా ఇది చదివి నేరుగా బావిలోకి దిగుతారేమోనని.

అందుకే రెండు మాటలు ముందే చెప్తున్నా. ఒంటరిగా వద్దు. నీళ్లలోకి దిగేముందు గబగబా ఊపిర్లు తీయడం వద్దు. ఈ రెండూ ఒప్పుకున్నాకే మిగతాది చదవండి.

ఇది మునక పందెమే కదా, ధ్యానం ఎట్లా అవుతుంది?

పందెంలో కళ్లు గడియారం మీద ఉంటాయి. ఇక్కడ మనసు ఊపిరి మీద ఉంటుంది.

ముఖం నీళ్లలో పెట్టగానే చెవులు నిండుతాయి. బయటి మాటలు దూరమైపోతాయి. పూల్ ఫిల్టర్ మోటరు రొద మాత్రం నీళ్ల గుండా వచ్చి ఎముకల్లో వినిపిస్తున్నట్టు ఉంటుంది. కాసేపటికి ఆ రొద వెనక మీ గుండె చప్పుడు దొరుకుతుంది. మెడ పట్టు వదులుతుంది, ఆ తర్వాత భుజాలు, ఆ తర్వాత వేళ్లు. కింద గచ్చు మీద ఎండ గీతలు కదులుతుంటాయి, వాటిని చూస్తూ ఉండిపోతారు. అప్పుడు గొంతులో ఒక చిన్న కదలిక వస్తుంది, గుటక వేయాలనిపిస్తుంది. ఛాతీ కింద ఎవరో మెల్లగా తలుపు తట్టినట్టు ఉంటుంది. అదీ శరీరం పిలిచే పిలుపు.

ఆ పిలుపు ఎక్కడ పుట్టింది, ఎలా పెరిగింది అని గమనించడమే మా సాధన. పిలుపు స్పష్టంగా వినిపించిందా, తల ఎత్తేస్తాం. దాన్ని అణిచిపెట్టడం, గెలవడం మా పని కాదు.

మన సంప్రదాయంలో ఇలాంటిది ఉందా?

ఉంది. నదీస్నానంలో అఘమర్షణం అని ఒక విధి ఉంది. ఋగ్వేదం 10వ మండలంలోని 190వ సూక్తాన్ని నీళ్లలో మునిగి ఉండి మనసులో జపించడం. ఆ సూక్తంలో ఉన్నవి మూడే ఋక్కులు. పెద్దలు మునకకు పెట్టిన కొలత ఎంత చిన్నదో చూడండి. మూడు ఋక్కులు మనసులో తిరిగేసరికి తల పైకి వచ్చేస్తుంది.

హఠయోగ ప్రదీపిక అనే పాత యోగ గ్రంథం ఎనిమిది కుంభకాలు, అంటే ఊపిరి బిగబట్టే పద్ధతులు, చెప్తూ చివరిదిగా ప్లావినిని చెప్తుంది. గాలి నింపుకున్న సాధకుడు లోతు నీళ్ల మీద కూడా తామరాకులా తేలతాడని. తేలతాడనే ఉంది, మునుగుతాడని లేదు. అదే అధ్యాయంలో ఇంకో మాట ఉంది, దాన్ని మా పూల్ దగ్గర కొత్తవాళ్లందరికీ చదివి వినిపిస్తాను: సింహాన్ని, ఏనుగును, పులిని ఎట్లా మెల్లమెల్లగా మచ్చిక చేసుకుంటామో ప్రాణవాయువును కూడా అట్లాగే చేసుకోవాలి, లేకపోతే అది సాధకుణ్ణే చంపుతుంది. వందల ఏళ్ల కిందటే ఇంత సూటిగా రాసిపెట్టారు.

విజయనగరం ప్రాంతంలో పుట్టి కాశీలో స్థిరపడిన త్రైలింగ స్వామి గంగ అడుగున చాలాసేపు ఉండేవారని చెప్పుకుంటారు. భక్తితో వినాల్సిన కథ అది. దాన్ని చూసి మన ఊపిరికి లెక్క కట్టుకోకూడదు.

మరి దుర్యోధనుడు మడుగులో దాక్కోలేదా? జలస్తంభన విద్య నేర్చుకోవచ్చా?

భారతంలో దుర్యోధనుడు ద్వైపాయన మడుగులో స్తంభింపజేసింది నీళ్లను, తన ఊపిరిని కాదు. నీటిని మాయతో నిలబెట్టి దాని మధ్య పడుకున్నాడు. ఆ విద్య మనకు రాదు. మన చుట్టూ నీళ్లు నీళ్లలాగే ఉంటాయి.

ఊపిరి తీసుకోవాలని ఎందుకు అనిపిస్తుంది? ఆక్సిజన్ అయిపోతేనే కదా?

కాదు. ఈ ఒక్కటి అర్థమైతే ఈ పేజీలో ఇంకేం చదవకపోయినా ఫరవాలేదు.

మనం పీల్చే గాలిలో ఆక్సిజన్ దాదాపు 21 శాతం. వదిలే గాలిలో ఇంకా 16 శాతం దాకా ఉంటుంది. అంటే మామూలుగా పీల్చి వదిలే ఒక్కో ఊపిరిలో మనం వాడుకునేది కొంచెమే. ఊపిరి ఆపినప్పుడు ఒంట్లో రెండు పనులు ఒకేసారి జరుగుతాయి. ఆక్సిజన్ మెల్లగా తగ్గుతుంది, కార్బన్ డయాక్సైడ్ మెల్లగా పెరుగుతుంది. మెదడు ముఖ్యంగా కాపలా కాసేది ఆ రెండోదాన్ని. కార్బన్ డయాక్సైడ్ ఒక మట్టం దాటగానే "ఊపిరి తీసుకో" అని పిలుపు వస్తుంది. అప్పటికి ఒంట్లో ఆక్సిజన్ ఇంకా బాగానే ఉంటుంది. పిలుపు ముందు, ప్రమాదం తర్వాత. ఆ రెండింటి మధ్య మనకు దొరికే సమయమే మన ప్రాణం.

ఇప్పుడు గబగబా ఇరవై ఊపిర్లు తీసి మునిగారనుకోండి. రక్తంలో ఆక్సిజన్ పెద్దగా పెరగదు. ఆరోగ్యంగా ఉన్న మనిషిలో అది ముందే 97, 98 శాతం నిండి ఉంటుంది, ఇంక పట్టే చోటు లేదు. కార్బన్ డయాక్సైడ్ మాత్రం బాగా పడిపోతుంది. అంటే మీరు ఆక్సిజన్ నింపుకోలేదు, కాపలా మనిషిని ఊరి బయటికి పంపేశారు. అతను తిరిగొచ్చి తలుపు తట్టేలోపే ఆక్సిజన్ అడుగంటుతుంది. ఉక్కిరిబిక్కిరి ఉండదు, బాధ ఉండదు, దీపం ఆర్పినట్టు స్పృహ పోతుంది. ఈత బాగా వచ్చిన కుర్రాళ్లు నడుము లోతు నీళ్లలో చనిపోవడానికి కారణం చాలాసార్లు ఇదే.

మీకు ఎప్పుడైనా ఇలా జరిగిందా?

జరిగింది. అప్పుడు నాకు పదహారేళ్లు. ఎండాకాలం సెలవులకు పత్తికొండ వైపు మా అమ్మ పుట్టింటికి వెళ్లేవాళ్లం. మా మామ వాళ్ల పొలంలో నాపరాళ్ల మెట్లున్న పెద్ద బావి. నడుముకు బెండు కట్టి నాకు ఈత నేర్పింది ఆయనే. ఆ రోజు అడుగున వేసిన ఇటుక ముక్కను ఎవరు తెస్తారని మేం పిల్లలం పందెం వేసుకున్నాం. రెండుసార్లు దిగాను, అందలేదు. మూడోసారి మెట్టు మీద కూర్చుని కుక్క వగర్చినట్టు గబగబా ఊపిర్లు తీసి దూకాను.

ఆ మునక నాకు ఇప్పటికీ గుర్తుంది, ఎందుకంటే అంత హాయిగా ఎప్పుడూ లేదు. ఊపిరి కావాలనే అనిపించలేదు. వేళ్లకు ఇటుక గరుకుగా తగిలింది, పట్టుకున్నాను. పైన వెలుగు ఆకుపచ్చగా, గుండ్రంగా ఉంది. దాని వైపు వస్తున్నాను. అంతవరకే గుర్తు.

తర్వాత తెలిసింది మెట్టు మీద, మామ చేతుల్లో. జుట్టు పట్టి లాగాడట. "ఊపిరి తీసుకో రా, తీసుకో రా నాయనా" అని చెంపలు తడుతున్నాడు. ఆయన పంచె తడిసి ఒంటికి అతుక్కుపోయి ఉంది, చేతి గడియారం కూడా తీయకుండా దూకాడు. మోటరు ఆపడానికి ఆయన అప్పుడే బావి గట్టుకు రావడం, నేను పైకి వచ్చి మళ్లీ మెల్లగా కిందికి జారిపోవడం చూడటం, అంతా ఒక్క నిమిషంలో జరిగిందట. మిగతా పిల్లలు నేను ఆడుకుంటున్నానే అనుకున్నారు. ఎవరూ కేకలు వేయలేదు, ఎందుకంటే నేనూ కేక వేయలేదు.

అడుగున కాకుండా పైకి వచ్చే దారిలో స్పృహ తప్పడానికి ఒక కారణం ఉంది. నీళ్లలో పది మీటర్లు దిగితే ఒంటి మీద ఒత్తిడి రెట్టింపు అవుతుంది. ఆ ఒత్తిడి వల్ల అడుగున ఉన్నంతసేపు ఊపిరితిత్తుల్లో మిగిలిన కాస్త ఆక్సిజన్ కూడా రక్తంలోకి బాగానే ఎక్కుతుంది. పైకి వచ్చేకొద్దీ ఒత్తిడి తగ్గి, ఆ ఎక్కడం ఒక్కసారిగా పడిపోతుంది. అడుగున బాగానే ఉన్న మనిషి నీటి మట్టానికి చేరువలో స్పృహ తప్పుతాడు. తల బయటపెట్టి ఒక ఊపిరి తీసుకున్నాక కూడా తప్పవచ్చు, ఎందుకంటే ఆ గాలి మెదడుకు చేరడానికి కొన్ని సెకన్లు పడుతుంది.

కపాలభాతి, భస్త్రిక చేసి నీళ్లలోకి దిగవచ్చా?

దిగకూడదు. నదికి వెళ్లి ఒడ్డున కపాలభాతి చేసి, వెంటనే మునకలు వేసేవాళ్లను తుంగభద్ర రేవుల్లో నేనే చూశాను. రెండూ మంచి పనులే అని వాళ్ల నమ్మకం. విడివిడిగా మంచివే, ఒకదాని వెంట ఒకటి ప్రమాదం. కపాలభాతి, భస్త్రిక రెండూ గబగబా ఊపిరి ఆడించే ప్రాణాయామాలు, కార్బన్ డయాక్సైడ్‌ను కడిగేస్తాయి. పైన చెప్పిన కాపలా మనిషి కథే మళ్లీ. గబగబా లోతుగా ఊపిర్లు తీసి ఆ తర్వాత ఊపిరి ఆపే విమ్ హాఫ్ పద్ధతికీ ఇదే వర్తిస్తుంది. నీళ్లలో గానీ నీళ్ల పక్కన గానీ చేయొద్దని ఆ పద్ధతి నేర్పేవాళ్లే హెచ్చరిస్తారు.

ఇంట్లో చాప మీద చేసుకోండి. నీళ్లకు వచ్చిన రోజు మామూలు ఊపిరే.

ముఖం నీళ్లలో పెడితే మనసు కుదుటపడుతుందంటారు. నిజమేనా?

నిజమే, దీనికి శరీరంలో కారణం ఉంది. ఊపిరి ఆపి ముఖాన్ని నీళ్లలో పెట్టగానే కళ్లు, ముక్కు చుట్టూ ఉన్న నరాల నుంచి మెదడుకు కబురు వెళ్తుంది. అక్కడి నుంచి వేగస్ నరం ద్వారా గుండెకు "నిదానించు" అని ఆజ్ఞ. గుండె వేగం తగ్గుతుంది. చేతులకూ కాళ్లకూ వెళ్లే రక్తనాళాలు బిగుసుకుని, రక్తం గుండెకూ మెదడుకూ మళ్లుతుంది. సీల్ వంటి సముద్ర జంతువుల్లో ఇది చాలా బలంగా ఉంటుంది, మనలో కొంచెం. నీళ్లు చల్లగా ఉంటే ఎక్కువ.

ఈ లాభం కోసం లోతు అక్కర్లేదు, పూల్ కూడా అక్కర్లేదు. బేసిన్‌లో చల్లటి నీళ్లు పోసి, కుర్చీలో కూర్చుని ముఖం ముంచి, పది పదిహేను సెకన్లకు తీసినా గుండె నిదానిస్తుంది. ఇంట్లో ఎవరైనా పక్కన ఉన్నప్పుడు చేయండి. గుండె కొట్టుకోవడంలో తేడాలున్నవాళ్లు మాత్రం డాక్టరును అడగకుండా ఇదీ చేయొద్దు.

ఎంతసేపు ఆపగలిగితే బాగా వచ్చినట్టు?

ఈ ప్రశ్నకు అంకె చెప్పను. అంకె చెప్పిన మరుక్షణం అది పందెం అవుతుంది.

ప్రపంచంలో పోటీలున్నాయి. కదలకుండా నీళ్లలో ఊపిరి ఆపే పోటీలో ఫ్రాన్స్ దేశస్థుడు స్తెఫాన్ మిఫ్సూద్ 2009లో 11 నిమిషాల 35 సెకన్లు ఉన్నాడు. ఆడవాళ్లలో రష్యాకు చెందిన నతాలియా మొల్చనోవా 2013లో 9 నిమిషాల 2 సెకన్లు ఉంది. ఆ విద్యలో ఆమెను మించినవాళ్లు లేరనేవారు. 2015 ఆగస్టు 2న స్పెయిన్‌లో ఫోర్మెంతెరా దీవి దగ్గర సముద్రంలోకి దిగి మళ్లీ పైకి రాలేదు, ఒళ్లు కూడా దొరకలేదు. పోటీలో ఆమె చుట్టూ కాపలా ఈతగాళ్లు ఉండేవారు. ఆ రోజు పోటీ లేదు. ఆమె గురించి చెప్పేటప్పుడు నా గొంతు ఇప్పటికీ పట్టేస్తుంది.

వేలికి పల్స్ ఆక్సీమీటర్ పెట్టుకుంటే సరిపోదా?

కోవిడ్ రోజుల్లో కొన్నది ప్రతి ఇంట్లో ఉంది, అందుకే చాలామంది అడుగుతారు. సరిపోదు. వేలి దగ్గర కనిపించే అంకె ఒంట్లో జరిగినదానికి ఆలస్యంగా వస్తుంది. పైగా ఊపిరి ఆపినప్పుడు వేళ్లకు రక్తం తగ్గుతుంది, అంకె ఇంకా తప్పుతుంది. అది 95 చూపిస్తున్నప్పుడే మెదడు దగ్గర కథ వేరుగా ఉండవచ్చు.

మొదటిసారి ఎట్లా మొదలుపెట్టాలి?

ముందు నేల మీద. పడుకుని, ఎవరికీ చూపించడానికి కాకుండా, మామూలు ఊపిరి వదిలాక కాసేపు ఆగి, పిలుపు ఎక్కడ వస్తుందో గమనించండి. గొంతులోనా, పొట్టలోనా? ఒక్కొక్కరికి ఒక్కో చోట. రెండు మూడు వారాలు ఇదే. ప్రాణాయామం చేసేవాళ్లకు పూరక, కుంభక, రేచకాలకు (ఊపిరి తీయడం, ఆపడం, వదలడం) 1:4:2 కొలత తెలిసే ఉంటుంది. దాన్ని నీళ్లలోకి తీసుకురావద్దు, అది ఆసనం మీద గురువు ముందు చేసే పని.

తర్వాత పూల్‌లో, ఛాతీ లోతు నీళ్లలో, అంచు పట్టుకుని. తోడు మనిషి చెయ్యి చాపితే అందేంత దగ్గర నిలబడాలి. రెండు నిమిషాలు మామూలు ఊపిరి. పొట్ట నిండా ఒక నిదానమైన ఊపిరి తీసుకోండి, బిగించి నింపొద్దు. ముఖం పెట్టండి. పిలుపు రాగానే తల ఎత్తండి. కొత్తలో అది ఇరవై ముప్పై సెకన్లకే రావచ్చు, చాలు. పైకి రాగానే గట్టిగా ఊదేయకండి. కొంచెం వదిలి, వెంటనే లోపలికి తీసుకోండి, అలా నాలుగైదు సార్లు. ఆ తర్వాత కనీసం రెండు నిమిషాలు విశ్రాంతి. ఐదారు సార్లతో ఆ రోజుకు ముగించండి.

పొట్ట తనంతట తాను ఎగరడం మొదలైతే మీరు పిలుపును ఎప్పుడో దాటేశారని అర్థం. పోటీలవాళ్లు దాన్ని ఓర్చుకుంటారు. మనకు ఆ పని లేదు.

పూల్ వాళ్లు ఒప్పుకుంటారా?

కొందరు ఒప్పుకోరు, వాళ్లది తప్పు కాదు. కదలకుండా బోర్లా తేలుతున్న మనిషి ధ్యానంలో ఉన్నాడో మునిగిపోతున్నాడో లైఫ్‌గార్డుకు ఎలా తెలుస్తుంది? ముందే చెప్పి, ఒప్పుకుంటేనే చేయండి. వద్దంటే వద్దు.

తోడు వచ్చే మనిషి ఏం చేయాలి?

చూడాలి. అంతే, కానీ పూర్తిగా చూడాలి. ఫోన్ ఒడ్డున సంచిలో ఉండాలి. ఇద్దరూ ఒకేసారి ఊపిరి ఆపకూడదు. ఒకరు కింద ఉంటే ఇంకొకరు పైన ఉండాల్సిందే.

మేం చేసే పద్ధతి ఇది. ముఖం ముంచిన కాసేపటికి తోడు మనిషి భుజం మీద రెండుసార్లు తడతాడు. ముంచిన మనిషి చూపుడు వేలు ఎత్తి బదులివ్వాలి. బదులు రాకపోతే ఇంకోసారి తడతాడు, అప్పటికీ రాకపోతే ఆలోచించకుండా పైకి లేపుతాడు. తల ఎత్తాక పని అయిపోలేదు. ఇంకో ముప్పై సెకన్లు ముఖం మీదే చూపు. పెదవులు నీలంగా ఉన్నాయా, తల ఊగుతోందా, చూపు ఎక్కడో ఉందా, అడిగినదానికి సరిగా బదులిస్తున్నాడా? పైకి వచ్చాక పడిపోయేవాళ్లు ఆ కాసేపట్లోనే పడిపోతారు.

తూత్తుక్కుడి తీరంలో ముత్యాల కోసం దిగే మనిషి నడుముకో చేతికో తాడు ఉండేది. ఆ తాడు రెండో కొస పడవలో ఇంకొకరి చేతిలో. దిగేవాడి నైపుణ్యం ఎంతైనా, ఆ రెండో కొస లేకుండా దిగలేదు. ఈ సాధనలో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది ఇదే. కళ్లు మూసుకుని కూర్చునే ధ్యానంలో మనం ఒక్కరమే. ఇక్కడ ఒక మనిషి నా ఊపిరిని తన ఊపిరిలా కాపాడుతూ నిలబడతాడు. నా వంతు అయ్యాక అతని కోసం నేను నిలబడతాను.

ఆడవాళ్లు చేయవచ్చా?

కొరియాలోని జెజు దీవిలో సముద్రంలో మునిగి నత్తలు, నాచు ఏరి బతుకు సాగించే హెన్యోలందరూ ఆడవాళ్లే. వాళ్ల సంస్కృతిని యునెస్కో 2016లో గుర్తించింది. అరవై, డెబ్బై దాటినవాళ్లు కూడా ఇంకా దిగుతారు. పైకి రాగానే ఈల వేసినట్టు ఊపిరి వదులుతారు, ఆ చప్పుడుకు వాళ్ల భాషలో ఒక పేరే ఉంది: సుంబిసొరి. వాళ్లు గుంపుగా వెళ్తారు. గర్భంతో ఉన్నప్పుడు మాత్రం మన సాధన వద్దు.

కర్నూలు చుట్టుపక్కల ఎక్కడ చేయవచ్చు?

స్విమ్మింగ్ పూల్‌లో. నా జవాబు అక్కడితో ఆగిపోతుంది. కానీ మిగతావి ఎందుకు కాదో చెప్పాలి, ఎందుకంటే పూల్‌కు డబ్బు కట్టాలి, బావికి అక్కర్లేదు.

కేసీ కాలువ. సుంకేసుల దగ్గర పుట్టి ఊరి మధ్య నుంచి పోతుంది, పైన నిమ్మళంగా కనిపిస్తుంది. వినాయక ఘాట్ దగ్గర నిమజ్జనం రోజున చూస్తే నీళ్లు ఎంత బలంగా లాగుతాయో తెలుస్తుంది. సిమెంటు వేసిన చోట గోడ ఏటవాలుగా, పాచి పట్టి ఉంటుంది, పట్టు దొరకదు. ఊపిరి ఆపిన మనిషికి అది అసలే వద్దు.

తుంగభద్ర. ఎండాకాలంలో నది మడుగులు మడుగులుగా మిగులుతుంది. ఇసుక తీసిన గుంతలు ఎక్కడున్నాయో పైకి కనిపించవు. మోకాటి లోతులో నడుస్తూ ఒక్క అడుగులో నిలువు లోతుకు పడిపోవచ్చు.

బేతంచెర్ల వైపు నాపరాళ్ల గనుల గుంతలు. వానాకాలం తర్వాత నీళ్లు నీలంగా, అద్దంలా ఉంటాయి, కుర్రాళ్లు ఫోటోలకు వెళ్తారు. అంచు గోడలా నిటారుగా ఉంటుంది, ఎక్కే చోటు ఉండదు, లోతు ఎవరికీ తెలియదు, లోపల నీళ్లు పైకన్నా చల్లగా ఉంటాయి. అక్కడ జారిపడితే తోడు మనిషి కూడా లోపలే చిక్కుకుంటాడు.

సంగమేశ్వరం దగ్గర శ్రీశైలం నీళ్లు. గుడి మునిగి ఉన్నప్పుడు దాని మీదుగా ఈదాలని ఆశపడేవాళ్లు ఉన్నారు. దయచేసి వద్దు. నీళ్లు మసకగా ఉంటాయి, అడుగున ఏముందో కనిపించదు, సాయం చాలా దూరం.

మహానంది కోనేరు సంగతి వేరు. 2022లో నంద్యాల జిల్లా అయ్యాక అది లెక్కల్లో మన జిల్లా కాదు గానీ, కర్నూలువాళ్లకు ఎప్పటికీ మనదే. నల్లమల ఊట, అడుగున పడిన నాణెం కనిపించేంత తేట, లోతు ఐదడుగులే. అక్కడ మూడు మునకలు వేసి, మూడో మునకలో ఒక్క క్షణం ఆగి కళ్లు తెరిచి చూడండి. ఈ సాధనలో ఉన్న ప్రశాంతత అంతా ఆ ఒక్క క్షణంలో దొరుకుతుంది. అంతకు మించి అక్కడ చేయొద్దు, పక్కన పదిమంది భక్తులు స్నానం చేస్తుంటారు.

ఇక పొలం బావులు. నా ఈత అక్కడే పుట్టింది కాబట్టి ఇది చెప్పడం నాకే కష్టం. ఈదండి, తోడుతో ఈదండి. ఊపిరి సాధన మాత్రం బావిలో వద్దు. స్పృహ తప్పిన మనిషిని మెట్లు పట్టి పైకి మోయడం ఒక్కరి వల్ల కాదు.

కొంచెం లోతుకు వెళ్తేనే చెవులు నొప్పి పెడుతున్నాయి. ఏం చేయాలి?

పైకి రండి. నొప్పిని ఓర్చుకుని దిగితే కర్ణభేరి చిరగవచ్చు. ముక్కు మూసి మెల్లగా ఊదితే చెవులు తెరుచుకుంటాయి, గట్టిగా ఊదొద్దు. జలుబు ఉన్న వారం నీళ్లకే రావద్దు. మా సాధన నీటి మట్టం దగ్గరే కాబట్టి మాకు ఈ ఇబ్బంది రాదు.

ఎవరు చేయకూడదు?

మూర్ఛ వచ్చేవాళ్లు, గుండె జబ్బు ఉన్నవాళ్లు, అదుపులో లేని బీపీ ఉన్నవాళ్లు, ఆస్తమా ఉన్నవాళ్లు, ముందు ఎప్పుడైనా కారణం తెలియకుండా స్పృహ తప్పినవాళ్లు. షుగర్‌కు మందులు వాడేవాళ్లు డాక్టరుతో మాట్లాడకుండా వద్దు, నీళ్లలో షుగర్ పడిపోతే పక్కవాళ్లకు తెలియదు. తాగిన రోజు ఎవరూ నీళ్ల దగ్గరికి రాకూడదు. రాత్రి నిద్ర లేకపోయినా, ఆ రోజు మనసు బాగాలేకపోయినా ఒడ్డున కూర్చోండి. చనిపోవాలనే ఆలోచనలు వస్తుంటే ఈ సాధన అసలు వద్దు. నీళ్లకు దూరంగా, మీ మనిషి ఒకరి దగ్గర కూర్చుని చెప్పుకోండి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలిమానస్ 14416కు ఎప్పుడైనా ఫోన్ చేయవచ్చు, తెలుగులో మాట్లాడతారు.

నీళ్లలో ఉంటే మూత్రం ఎక్కువగా వస్తుంది, జబ్బా?

కాదు. నీటి ఒత్తిడికి కాళ్లలోని రక్తం ఛాతీ వైపు చేరుతుంది, ఒంట్లో నీరు ఎక్కువైందని శరీరం అనుకుంటుంది. మన ఎండల్లో ఒంట్లో నీరు తగ్గకుండా ముందూ తర్వాతా మంచినీళ్లో మజ్జిగో తాగండి. భోజనం చేసి ఉంటే రెండు మూడు గంటలు ఆగండి.

పిల్లలకు నేర్పిస్తారా?

ఈత నేర్పిస్తాం. ఊపిరి ఆపే సాధన నేర్పించం. పెద్దవాళ్లకు పిలుపు వినమని చెప్పవచ్చు. పన్నెండేళ్ల పిల్లవాడికి పక్కవాడి కన్నా ఒక సెకను ఎక్కువ ఉండటమే లోకం. ఎండాకాలం సెలవుల్లో మీ పిల్లలు బావికి వెళ్తుంటే "జాగ్రత్త" అని వదిలేయకండి. విడమరిచి చెప్పండి: మునక పందెం వేయొద్దు, దూకేముందు వగర్చొద్దు, పైకి వచ్చినవాడు మళ్లీ జారుతుంటే ఆటనుకోవద్దు. మునిగేవాడు సినిమాలోలా చేతులు ఊపడు, అరవడు. ఊపిరికే దిక్కులేని గొంతుకు కేక ఎక్కడి నుంచి వస్తుంది? మాకు ఆ మాటలు ఎవరూ చెప్పలేదు.

ఎవరైనా స్పృహ తప్పితే వెంటనే ఏం చేయాలి?

ముఖం నీళ్ల బయటికి. మొదటి పని అదే. స్పృహ తప్పిన కొత్తలో గొంతు తనంతట తాను బిగుసుకుని నీటిని లోపలికి పోనీయదు, కానీ ఎక్కువసేపు కాదు. ఆ కాసేపట్లో ముఖం బయటికి వస్తే చాలామంది అక్కడికక్కడే తేరుకుంటారు. గడ్డం ఎత్తి పట్టుకోండి, ముఖం మీద ఊదండి, చెంప తట్టండి, పేరు పెట్టి "ఊపిరి తీసుకో" అని గట్టిగా చెప్పండి. ఏ పుస్తకమూ చదవకుండానే మా మామ నాకు చేసింది దాదాపు ఇదే.

పది సెకన్లలో ఊపిరి రాకపోతే గట్టుకు తేవాలి. వెల్లకిలా పడుకోబెట్టి, ముక్కు మూసి, నోటితో రెండు నుంచి ఐదు ఊపిర్లు ఇవ్వండి, ఛాతీ లేవాలి. అప్పటికీ కదలిక, ఊపిరి లేకపోతే ఛాతీ మధ్యలో రెండు చేతులతో ఐదారు సెంటీమీటర్లు దిగేలా నొక్కండి, నిమిషానికి 100 నుంచి 120 లెక్కన. ముప్పై నొక్కులకు రెండు ఊపిర్లు. సాయం వచ్చేదాకా ఆపొద్దు.

కడుపు నొక్కి నీళ్లు కక్కించాలి కదా?

వద్దు. తలకిందులుగా పట్టి తిప్పడం, కడవ మీద బోర్లా వేయడం, కడుపు నొక్కడం, ఇవన్నీ మన పల్లెల్లో మంచి మనసుతోనే చేస్తారు. కడుపు నొక్కితే లోపలున్నది పైకి వచ్చి ఊపిరితిత్తుల్లోకి పోతుంది. అంతకన్నా పెద్ద నష్టం, ఆ తిప్పే రెండు మూడు నిమిషాలు మెదడుకు గాలి అందదు. మునిగిన మనిషికి కావలసింది గాలి. నీళ్లు తీయడం కాదు, ఊపిరి పోయడం.

లేచి కూర్చుని "నాకేం కాలేదు" అన్నా ఆసుపత్రికి తీసుకెళ్లండి. నీళ్లు లోపలికి పోయి ఉంటే ఊపిరి ఇబ్బంది కొన్ని గంటల తర్వాత కూడా మొదలవవచ్చు.

108కి ఫోన్ చేస్తే ఏం చెప్పాలి?

మనిషి నీళ్లలో మునిగాడు, ఊపిరి ఉంది లేదా లేదు, వయసు ఇంత. తర్వాత చోటు. పొలాల్లో చిరునామా ఉండదు, అందుకని ఏ ఊరు, ఆ ఊరి నుంచి ఏ ఊరికి పోయే దారి, బడి దాటాకనా గుడి దాటాకనా, ఎవరి పొలం, అన్నీ చెప్పండి. వాళ్లు పెట్టమనేదాకా ఫోన్ పెట్టేయొద్దు, స్పీకర్‌లో పెట్టి ఛాతీ నొక్కుతూ ఉండండి. ఇంకొకరిని రోడ్డు మీదికి పంపండి. బండి కనిపించగానే తువ్వాలు ఊపుతూ అక్కడే నిలబడమనండి, బండి మలుపు దాటి పోకుండా.